గీతకు ఇవతల కుర్చీ

ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు అన్నారు పెద్దలు. అప్పు తీర్చి చూడు అని మాత్రం ఏ పెద్దమనిషీ అనలేదు. ఇరవయ్యేళ్ళ అప్పులు వాళ్ళ కాలంలో లేవు కాబోలు. ఉండి ఉంటే ఆ సామెతకి ఇంకో ముక్క చేరేది, హారన్ ఆంటీ ఇంట్లో అంత రాద్ధాంతమూ జరిగేది కాదు.

హారన్ ఆంటీ అంటే స్కూలు వ్యాను నడిపే ఆవిడ. ఆ పేరు పిల్లలు పెట్టారు, ఎందుకంటే ఆవిడ చచ్చినా హారన్ కొట్టదు. ఏ ఇంటి ముందైనా పిల్లాడు ఆలస్యం చేస్తే ఇంజను ఆపేసి, చేతులు కట్టుకుని, ఆ తలుపు వైపు చూస్తూ కూర్చుంటుంది. అంతే. ఆ చూపుకి తల్లులు ఒక చేత్తో దువ్వెనా ఇంకో చేత్తో బూట్లూ పట్టుకుని పరిగెత్తుకొస్తారు. ఒకసారి సందులో లారీ అడ్డంపెట్టి ఒకాయన స్నేహితుడితో కబుర్లలో పడ్డాడు. ఈవిడ దిగి వెళ్ళి, వాళ్ళ పక్కనే నిలబడి, ఆ కబుర్లు శ్రద్ధగా వినడం మొదలుపెట్టింది. కాసేపటికి ఆ లారీ ఆయనే సిగ్గుపడి బండి తీశాడు. అలాంటి మనిషి. అరవదు, కరవదు, కదలదు.

ఆవిడ స్టీరింగు పట్టుకున్నది సరదాకి కాదు. భర్త కళ్ళజోళ్ళ దుకాణంలో అద్దాలు అరగదీసే పని చేస్తాడు. ఆ జీతంతో ఇల్లు గడుస్తుంది గానీ ఇల్లు కొనడం అవదు. ఆడది వ్యాను నడపడమేమిటని అత్తగారు మొదట మూతి ముడిచింది. ఏడాది తిరిగేసరికి ఆవిడే, "మా కోడలు నలభైమంది పిల్లల్ని గుడ్లలా మోసుకెళ్తుంది" అని వీధంతా చెప్పుకుంది.

ఆ స్కూల్లో ఒక నియమం ఉంది. డ్రైవరుకి అరవై నిండిన రోజున తాళాలు తీసుకుంటారు. ఈవిడకి ముందు ఆ బండి నడిపిన పెద్దాయన తాళాలు ఇచ్చేశాక కూడా కొన్నాళ్ళు పొద్దునే గేటు దగ్గరికొచ్చి నిలబడేవాడు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక జేబుల్లో పెట్టుకునేవాడు. ఆ దృశ్యం ఆవిడ మరిచిపోలేదు. అందుకే ఇంటి అప్పు తీసుకున్నప్పుడు ముందు చూసుకున్నది వయసు. అప్పుడు ఆవిడకి ముప్ఫై ఆరు. ఇరవయ్యేళ్ళ అప్పు, యాభై ఆరుకి తీరిపోతుంది. తాళాలిచ్చే నాటికి ఇల్లు మనదై నాలుగేళ్ళవుతుంది. ఆ ధైర్యంతోనే సంతకం పెట్టింది.

ఇల్లు రైలు పెట్టెలా పొడుగ్గా ఉంటుంది. వెనక వంటగది, మధ్యలో హాలు, పక్కన రెండు గదులు, ముందు వీధి తలుపు. చేరిన మొదటి వారంలో నేల తుడుస్తూ భర్త ఒక సంగతి కనిపెట్టాడు. వంటగది వెనక గోడ నుంచి వీధి తలుపు దాకా నేల మీద సరిగ్గా ఇరవై వరసల పలకలున్నాయి. ఇరవై లక్షల అప్పు, ఇరవయ్యేళ్ళు, ఇరవై వరసలు! ఆయనకి నెత్తిన పాలు పోసినట్టయింది.

"ఏడాదికో వరస మనదవుతుంది," అన్నాడు.

"వెనక నుంచి మొదలుపెట్టరా. ముందు పొయ్యి మనది కావాలి," అంది వాళ్ళమ్మ.

అలా మొదలైంది గీత. అప్పు తీసుకున్న తేదీన ఏటా అందరూ హాల్లో చేరేవారు. ఆయన వంగి, పాత ఎర్ర టేపు పీకి, ఒక వరస ముందుకి కొత్త టేపు అంటించేవాడు. గీతకు ఇవతల మనది, అవతల బ్యాంకుది. చుట్టాల చేతిలో కాఫీ ఒలికితే, "పర్లేదండీ, అది బ్యాంకు వైపు" అనేవారు. వీధి గది కప్పు కారితే, "బ్యాంకుకి ఫోన్ చెయ్యరా, వాళ్ళ ఇల్లు కారుతోంది" అనేది ముసలావిడ. చిన్నప్పుడు కూతురు గీత మీద గంతులేస్తూ, "ఇప్పుడు మనింట్లో, ఇప్పుడు వాళ్ళింట్లో" అని పాడేది.

అత్తగారి కుర్చీ మాత్రం ఎప్పుడూ గీతకి ఇవతలే ఉండేది. గీతతో పాటు ఏటా ఒక వరస ముందుకి జరిగేది. ఎనిమిదేళ్ళకి హాలు నడిమికి, ఫ్యాను కిందికి, టీవీకి ఎదురుగా వచ్చింది. "పరాయి చోట కూర్చోవడానికి నాకేం ఖర్మ?" అనేదావిడ, కాళ్ళు చాపుకుని.

తొమ్మిదో గీత వేసే రోజుకి రెండు రోజుల ముందు హారన్ ఆంటీ తమ్ముడు వచ్చాడు. అప్పులు ఇప్పించే పని అతనిది. మాట తియ్యన, మనసు మంచిదే, కాళ్ళు మాత్రం నేల మీద నిలవవు.

"అక్కా, నీ కష్టాలు గట్టెక్కాయనుకో! మీ అప్పుని కొత్త బ్యాంకుకి మార్చేస్తా. వడ్డీ పది నుంచి తొమ్మిదికి దిగుతుంది. ఇప్పుడు నెలకి పదిహేడు వేల చిల్లర కడుతున్నావా? పద్నాలుగు కడితే చాలు. నెలకి మూడు వేలు నీ చేతిలో మిగులు!"

భర్త ముఖం వెలిగిపోయింది. చాలాకాలంగా ఆయన కళ్ళు ఒక స్కూటర్ మీద ఉన్నాయి. అత్తగారు కూడా, "తమ్ముడంటే వీడేనే" అంది.

"ఎన్నేళ్ళు?" అంది హారన్ ఆంటీ.

"ఎంతక్కా, ఓ ఇరవై అయిదు," అని గొణిగి, అతను వెంటనే కాఫీ గ్లాసు నోటికి అడ్డం పెట్టుకున్నాడు.

కాలేజీ పుస్తకం పక్కన పెట్టి కూతురు అడిగింది, "మామయ్యా, మరి మన గీత ఎక్కడ వేయాలి?"

"గీతదేముందే! మళ్ళీ మొదటి నుంచి వేసుకుంటే సరి. సరదాగా ఉంటుంది."

అతను నవ్వాడు, బావగారూ నవ్వాడు. హారన్ ఆంటీ నవ్వలేదు. ఆవిడకి నలభై అయిదు. ఇరవై అయిదు కలిపితే డెబ్బై. అరవైకి తాళాలు పోతాయి. ఆ తర్వాత పదేళ్ళ కిస్తీలు ఎవరు కడతారు? ఆవిడ కళ్ళు తనకి తెలియకుండానే కూతురి మీదికి వెళ్ళాయి. పద్దెనిమిదేళ్ళ పిల్ల, గోళ్ళు కొరుక్కుంటూ మామయ్యనే చూస్తోంది.

"ఇప్పుడే సంతకం పెట్టను. మన అప్పు ఎంతుందో ముందు తెలుసుకోవాలి," అంది.

"తెలుసుకునేదేముందక్కా! తొమ్మిదేళ్ళయింది, పదకొండేళ్ళుంది. కోడిగుడ్డు మీద ఈకలు పీకకు."

"నా కోడి, నా గుడ్డు. పీక్కుంటా," అంది ఆవిడ.

తొమ్మిదో గీత రోజున పొద్దుటి పిల్లల్ని స్కూల్లో దించేసి, ఆవిడ నేరుగా బ్యాంకుకి వెళ్ళింది. అక్కడ కిటికీ పక్కన అప్పుల లెక్కలు చూసే ఒక చిన్నమ్మాయి కూర్చుని ఉంది. ఓపికైన పిల్ల. కంప్యూటరులోకి చూసి, "పదహారు లక్షల తొంభై అయిదు వేల పైన ఉంది మేడమ్. పదిహేడు అనుకోండి" అంది.

"అది కట్టిందా, కట్టాల్సిందా?"

"కట్టాల్సింది."

"తప్పు చూశావేమోనమ్మా. నేను కట్టిందే పద్దెనిమిది లక్షలు దాటింది."

"అవును మేడమ్. అందులో పదిహేనున్నర పైగా వడ్డీకి పోయింది. అసల్లో తగ్గింది మూడు." ఆ పిల్ల గొంతు తగ్గించింది. "అప్పు మొదట్లో పెద్దది కదా, దాని మీద వడ్డీ కూడా పెద్దదే. మీరిచ్చిన కిస్తీలో ముందు వడ్డీ తీసేసుకుంటాం, మిగిలిందే అసలుకి. పైగా మూడేళ్ళ తర్వాత రేటు పెరిగింది. మీ కిస్తీ పెంచలేదు, దాని బదులు ఏళ్ళు పెంచాం. అప్పుడు మెసేజ్ వచ్చే ఉంటుంది."

వచ్చింది. రాకేం! హారన్ ఆంటీకి ఆ రోజు కళ్ళకి కట్టినట్టు గుర్తుంది. ఊరందరికీ వడ్డీలు పెరిగాయి, మన కిస్తీ మాత్రం పైసా పెరగలేదని భర్త ఎగిరి గంతేశాడు. ఎంత మంచి బ్యాంకో అని అత్తగారు పొగిడింది. దుకాణం నుంచి మిఠాయి పొట్లం వచ్చింది, ఎదురింటి వాళ్ళకి కూడా పంచారు. తమ మెడకి ఆరేళ్ళు ఎక్కువ బిగించినందుకు మిఠాయి పంచిన కుటుంబం ఇంకొకటి ఉంటుందా?

"ఇలాగే కడితే ఎప్పటికి తీరుతుంది?"

"దాదాపు పదిహేడేళ్ళు."

అరవై రెండు. తమ్ముడి కాగితం దాకా పోనక్కర్లేదు, ఉన్న అప్పే అరవై దాటిపోయింది. ఆవిడకి కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. ఆ పిల్ల ముందు ఏడవడం ఇష్టంలేక ఫ్యాను వైపు చూసింది. తర్వాత చేతులు కట్టుకుని కుర్చీలో సర్దుకుని కూర్చుంది. ఆ కూర్చోవడం వీధిలో తల్లులందరికీ తెలుసు.

"కొత్త బ్యాంకు తొమ్మిదికి ఇస్తానంటోంది. మీరెందుకు పది తీసుకుంటున్నారు?"

"ఇక్కడ కూడా కొత్తగా వచ్చేవాళ్ళకి తొమ్మిదే మేడమ్. మీరు దరఖాస్తు పెట్టి, చిన్న రుసుము కడితే మీకూ తగ్గిస్తాం."

"తొమ్మిదేళ్ళు నోరుమూసుకుని కట్టినవాళ్ళకి ఎక్కువా, నిన్న వచ్చినవాళ్ళకి తక్కువా?"

"అడిగినవాళ్ళకి ఇస్తాం మేడమ్."

అడగందే అమ్మయినా పెట్టదంటారు. అమ్మే పెట్టనప్పుడు బ్యాంకెందుకు పెడుతుంది? ఆవిడ దరఖాస్తు అక్కడే నింపింది. నింపాక, "ఇప్పుడు నాకు రెండు లెక్కలు వేసి చెప్పమ్మా" అంది. తొమ్మిది వడ్డీకి ఇరవై అయిదేళ్ళు కడితే మొత్తం ఎంత? అదే వడ్డీకి పదకొండేళ్ళలో తీర్చేస్తే మొత్తం ఎంత? ఆ పిల్ల వేసి చెప్పింది. హారన్ ఆంటీ మళ్ళీ వేయమంది. రెండోసారీ అదే వచ్చింది.

సాయంత్రం పిల్లల్ని ఇళ్ళకి చేర్చి ఆవిడ గుమ్మంలోకి వచ్చేసరికి అందరూ సిద్ధంగా ఉన్నారు. భర్త చేతిలో ఎర్ర టేపుంది. తమ్ముడి చేతిలో కాగితాలూ పెన్నూ ఉన్నాయి. అత్తగారు కుర్చీ చేతులు పట్టుకుని ముందుకి జరగడానికి తయారుగా కూర్చుంది.

"టేపు ఇలా ఇవ్వండి. ఈసారి నేను వేస్తాను."

ఆవిడ టేపు తీసుకుంది. ఎనిమిదో వరస దగ్గర ఆగలేదు. కుర్చీ దాటింది, వెనక్కి నడిచింది, హాలు దాటింది, వంటగదిలోకి వెళ్ళింది. పొయ్యి గట్టు ముందు వంగి, మూడో వరస చివర టేపు లాగి అంటించింది.

"ఇదీ మనది," అంది. "ఇంతే."

ఎవరికీ అర్థం కాలేదు. ఆవిడ నిలబడే అంతా చెప్పింది. భర్త వింటూ వింటూ గోడకి జారగిలబడ్డాడు.

"ఎనిమిదిసార్లు నా చేత్తో నేను అబద్ధం అంటించానా?"

"మీరు అబద్ధం చెప్పలేదండీ. మనం లెక్క అడగలేదు. నేనూ అడగలేదు."

తమ్ముడు తేరుకున్నాడు. "అందుకే చెప్తున్నానక్కా, కిస్తీ తగ్గించుకో. ఊపిరి పీల్చుకో."

"ఊపిరా? విను. నువ్వు చెప్పినట్టు నెలకి మూడు వేలు తగ్గించుకుంటే, డెబ్బయ్యేళ్ళొచ్చేసరికి నేను కట్టేది నలభై మూడు లక్షలు. అదే నెలకి మూడు వేలు పెంచుకుంటే పదకొండేళ్ళలో అప్పు తీరుతుంది, ఇరవై ఏడు లక్షలు కూడా దాటదు. అదే అప్పు, అదే వడ్డీరా! మధ్యలో పదహారు లక్షలు. ఇంకో ఇల్లంత. నువ్వేమో మూడు వేలు చూపించావు, ఇల్లు దాచావు."

"నేనేం దాచలేదక్కా! అందరూ కిస్తీయే అడుగుతారు. మొత్తం ఎవరూ అడగరు," అన్నాడతను. పాపం, అది నిజమే. అతని మొహం చిన్నబోయింది.

"మూడు వేలు ఎక్కడి నుంచి తెస్తావే?" భర్త అడిగాడు. "పైగా ఆ స్కూటర్..."

"స్కూటర్ వద్దు. మధ్యాహ్నాలు నేను ఖాళీనే. ఆసుపత్రి దుప్పట్లు ఉతికే లాండ్రీకి బండి నడిపేవాళ్ళు కావాలట, వచ్చే దారిలో మాట్లాడి వచ్చాను. యాభై ఆరుకి తీరుస్తానని మొదటి రోజు అనుకున్నాను. యాభై ఆరుకే తీరుస్తాను. నా తర్వాత ఈ అప్పు నా కూతురు కట్టకూడదు. అంతే, ఇంకో మాట లేదు."

అందరూ ముసలావిడ వైపు చూశారు. ఆవిడ కుర్చీ హాలు నడుమ, ఫ్యాను కింద, నిక్షేపంగా బ్యాంకు వైపు ఉంది. ఆవిడ గీత వైపు చూసింది, కోడలి వైపు చూసింది.

"అసలు కంటే వడ్డీ ముద్దు అంటే మనవరాళ్ళ గురించి అనుకున్నానే ఇన్నాళ్ళూ. బ్యాంకువాళ్ళ సామెతన్నమాట," అంది. లేచి, కుర్చీ వీపు పట్టుకుని, బరబరా లాక్కుంటూ వంటగదిలోకి వెళ్ళింది. పొయ్యికీ సింకుకీ మధ్య ఇరుకులో కుర్చీ పడేసి కూర్చుంది.

"అత్తయ్యా, అక్కడెందుకు? వేడి తగులుతుంది."

"పరాయి చోట కూర్చోవడానికి నాకేం ఖర్మ? ఇదెంత ఉంటే అంతే. నువ్వు జరుపుతూ ఉండు, నేను వస్తూ ఉంటాను."

ఇక చూడండి ఆ ఇంటి అవస్థ! గిన్నె తీయాలంటే ముసలావిడ మోకాళ్ళు దాటాలి. పోపు వేస్తే ఆవిడకి దగ్గు. హాల్లో టీవీ చూడాలంటే మెడ సాచి, తలుపు సందులోంచి సగం బొమ్మ చూడాలి. "అవతలి సగంలో ఎవరున్నార్రా? హీరోనా, విలనా?" అని కేకేసేది. ఎంతమంది ఎన్ని విధాల బతిమాలినా బయటికి రాలేదు. కోడలికి తగిన అత్త.

భర్త మాత్రం చాలా రోజులు ముభావంగా తిరిగాడు. ఒక ఆదివారం ఆవిడ లాండ్రీ బండి అప్పగించి ఇంటికొచ్చేసరికి ఆయన హాల్లో మోకాళ్ళ మీద కూర్చుని, తడిగుడ్డతో నేల గీకుతున్నాడు. ఏటేటా టేపు పీకిన చోట మిగిలిన జిగురు చారలవి.

"ఏం చేస్తున్నారు?"

"ఇవి చూస్తుంటే సిగ్గేస్తోంది. తుడిచేస్తున్నా."

ఆవిడ ఆయన చేతిలోంచి గుడ్డ తీసుకుంది. "ఉండనివ్వండి. మళ్ళీ అక్కడికే చేరాలి కదా."

ఆ పై వారం నుంచి ఆయన దుకాణంలో ఆదివారాలు కూడా సగం పూట పని ఒప్పుకున్నాడు. ఇంకో విశేషం, తమ్ముడు ఒక రోజు చాటుగా వచ్చి, "అక్కా, నా ఇంటి అప్పు కూడా ఓసారి చూసిపెట్టవా" అని నసిగాడు. ఆవిడ నవ్వలేదు గానీ, ఆ రోజు అతనికి కాఫీ రెండుసార్లు ఇచ్చింది.

లాండ్రీ పని తేలికేమీ కాదు. తడి దుప్పట్ల మూటలు ఎక్కించడం, దించడం. ఒక శీతాకాలమంతా ఆవిడ భుజం పట్టేసి చెయ్యి పైకి లేచేది కాదు. స్టీరింగు ఒంటిచేత్తో తిప్పాల్సి వచ్చేది. ఈ నెలకి పాత కిస్తీయే కడదామని భర్త అన్న రోజులున్నాయి. ఆవిడ చేతులు కట్టుకుని చూసేది. ఏటా గీత రోజున ముందు బ్యాంకుకి వెళ్ళి, ఎంత తగ్గిందో అడిగి, అంతే జరిపేది. లక్షకి ఒక వరస. మొదటి ఏడు ఒక్క వరసే, అదీ బొటాబొటిగా. వంటగది గడప దాటి కుర్చీ కాళ్ళు హాల్లో పడడానికి మూడేళ్ళు పట్టింది.

అయిదో ఏడు గీత పాత ఎనిమిదో చార మీదికి వచ్చి, దాన్ని దాటింది. కుర్చీ మళ్ళీ ఫ్యాను కిందికి చేరింది. ముసలావిడ ఇప్పుడు చేతికర్రతో నడుస్తోంది. కూర్చోబోయే ముందు ఆ కర్రతో నేల మీద రెండుసార్లు కొట్టింది.

"ఇది నిజం గీతేనటే?"

"నిజం గీతే అత్తయ్యా. పొద్దున్నే అడిగి వచ్చాను."

అప్పుడు ఆవిడ కూర్చుంది. టీవీ మొత్తం కనిపించేసరికి తృప్తిగా కాళ్ళు చాపింది.

ఆ వారమే కూతురికి మొదటి జీతం వచ్చింది. ఆ పిల్ల నోట్ల కవరు తెచ్చి తల్లి చేతిలో పెట్టింది. "దీంతో ఎంత జరిగితే అంత జరుపమ్మా. నీ భుజానికి కొంచెం రెస్ట్."

హారన్ ఆంటీ ఆ కవరుని కాసేపు గుండెకి హత్తుకుంది. తర్వాత కూతురి చెయ్యి లాగి, మళ్ళీ అందులోనే పెట్టి వేళ్ళు మూసేసింది.

"ఈ గీత నువ్వు జరిపేదే అయితే, ఆ రోజే మీ మామయ్య కాగితం మీద సంతకం పెట్టేసి, హాయిగా మధ్యాహ్నాలు నిద్రపోయేదాన్ని కదే. ఇన్నేళ్ళు దుప్పట్లు మోసింది ఎందుకనుకున్నావు? ఇది నీది, దాచుకో. రేపు నువ్వు ఇల్లు కొంటే, మొత్తం ఎంతని ముందు అడుగు."

కూతురు ఏడ్చింది, తండ్రి కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. టీవీ కేసి చూస్తున్న ముసలావిడ తల తిప్పకుండానే అంది, "ఇంకా ఎన్నేళ్ళే?"

"ఆరు."

"ఆరా!" ఆవిడ వేళ్ళు మడిచి ఏదో లెక్క చూసుకుంది. "నేనుంటానో లేదో గానీ, గీత గుమ్మం చేరిన రోజున నా కుర్చీ తీసుకెళ్ళి వీధి తలుపు ముందు వేయండి. వీధిలో అందరికీ కనబడేలా."

హారన్ ఆంటీ వంగి, టేపు అంచు బొటనవేలితో గట్టిగా నొక్కింది.

"మీరే వచ్చి కూర్చోండి అత్తయ్యా. కుర్చీ మోసే ఓపిక నాకు లేదు."